డిమ్ము మామయ్య

మా మామయ్యకు కన్నవాళ్లు పెట్టిన పేరొకటి ఉండేది. అది ఫ్యాక్టరీ గుర్తింపు కార్డు మీద తప్ప ఇంకెక్కడా పనికిరాలేదు. కాలనీ మొత్తానికీ ఆయన డిమ్ము మామయ్యే. మా అమ్మకు స్వయానా తమ్ముడు కాబట్టి న్యాయంగా నాకొక్కదానికే మామయ్య కావాలి. ఈ పేరు పుణ్యమా అని ఊళ్లో పిల్లలందరికీ మామయ్య అయి కూర్చున్నాడు. చిన్నప్పుడు ఆ విషయంలో నాకు భలే ఒళ్లు మండేది.

మాది ప్రభుత్వం కట్టించిన ట్రాన్స్‌ఫార్మర్ల ఫ్యాక్టరీ. దాని గోడ పక్కనే మా క్వార్టర్లు. ఫ్యాక్టరీకీ మాకూ కరెంటు ఒకే లైన్లో వచ్చేది. రెండింటికీ కలిపి మెయిన్ స్విచ్ మా వీధి మొదట్లో చిన్న గదిలో ఉండేది. తయారైన ప్రతి పెద్ద ట్రాన్స్‌ఫార్మర్‌నీ బయటికి పంపే ముందు టెస్టింగ్ షెడ్డులో నిలబెట్టి, పూర్తి లోడు మోపి, తట్టుకుంటుందో లేదో గంటల తరబడి చూసేవాళ్లు. ఆ పని మామయ్యది. ఆయన అక్కడ స్విచ్ వేయగానే ఇక్కడ మా దీపాలన్నీ మసకబారేవి. ఫ్యాను బద్ధకంగా తిరిగేది. పుస్తకంలో అక్షరాలు ఒకదాన్నొకటి తొక్కుకునేవి.

"మీ మామయ్య మొదలెట్టాడే! మా ఇంటి దీపాలు ఆయనకేం అన్యాయం చేశాయట?" అని పక్కింటి పిన్నిగారు గోడ మీంచి కేకేసేది. తిట్టడం పేరుకే. ఆమె గొంతులో గర్వం నాకు వినపడుతూనే ఉండేది.

దీపాలు చూసి సంగతులు చెప్పడం మా కాలనీవాళ్లకు వచ్చినట్టు ఇంకెవరికీ రాదు. మసకబారాయంటే టెస్టు మొదలైంది. టప్పున ఆరిపోయాయంటే ట్రాన్స్‌ఫార్మర్ ఫెయిలైంది, ఆ రాత్రి మగవాళ్లను పలకరించకపోవడం మంచిది. మళ్లీ ధగధగా వెలిగాయంటే పాస్. అప్పుడు ఎవరి గుమ్మంలో వాళ్లు నిలబడి చప్పట్లు కొట్టేవాళ్లు. ఆడవాళ్లు స్టవ్వులు వెలిగించేవాళ్లు, కాసేపట్లో మగవాళ్లు ఇళ్లకొస్తారు కనక. "గడియారాలదేముందే, అబద్ధాలాడతాయి. మా వంటింటి బల్బు మాత్రం ఆడదు" అనేది అత్తయ్య.

ఆ రోజుల్లో మామయ్య నేల మీద నడిచాడంటే నేను నమ్మను. అన్నిటికంటే పెద్ద ట్రాన్స్‌ఫార్మర్ గేటు దాటిన రోజు నాకు బాగా గుర్తుంది. దాని కోసం దారిలో స్తంభాలు పీకి పక్కన పెట్టారు. ఈయన దాని ట్యాంకు మీద అరచెయ్యి ఆనించి ట్రెయిలర్ పక్కనే నడుస్తున్నాడు. "చెయ్యి తియ్యవయ్యా బాబూ, నువ్వు తొయ్యకపోయినా వెళ్తుంది!" అని మేనేజరుగారు అరిస్తే కాలనీ అంతా పడీపడీ నవ్వింది. మామయ్య చెయ్యి మాత్రం తియ్యలేదు.

తర్వాత ఏమైందో ఏమో, మా దీపాలు బాగా వెలగడం మొదలైంది. మసక వారానికోసారి, ఆ తర్వాత నెలకోసారి. కరెంటు బోర్డు ప్రభుత్వానిదే, ఫ్యాక్టరీ ప్రభుత్వానిదే. అయినా ఆ బోర్డు మమ్మల్ని కాదని ట్రాన్స్‌ఫార్మర్లు బయటివాళ్ల దగ్గర కొనేది. సొంత పిల్లల్ని పస్తు పెట్టి వీధిలో వాళ్లకు వడ్డించే తల్లిని ఎక్కడైనా చూశారా? మేం చూశాం. ఛైర్మన్లు వచ్చారు, పోయారు, ప్రతివాడూ గోడలకు కొత్త రంగు వేయించి పోయాడు. ట్రాన్స్‌ఫార్మర్లకు కావలసిన రేకులు రాలేదు, రాగి రాలేదు. సాయంత్రాలు ఇల్లంతా వెలుగు నిండి ఉంటే అత్తయ్య మొహం చూడలేకపోయేదాన్ని. అంత వెలుతురంటే నాకు ఇప్పటికీ భయమే.

చివరి ట్రాన్స్‌ఫార్మర్ అరువు తెచ్చిన సామానుతో ఎలాగో పూర్తయింది. నూనె నింపారు, టెస్టింగ్ షెడ్డులో నిలబెట్టారు. మర్నాడు టెస్టనగా ఫ్యాక్టరీ మూసేస్తున్నట్టు గేటుకు కాగితం అంటించారు. జనం ఏడ్చారు, తిట్టారు, క్వార్టర్లు వదలకుండానే మెల్లమెల్లగా బయట తలో పనీ వెతుక్కున్నారు. మామయ్య మాత్రం కాంట్రాక్టరు దగ్గర చేరి అదే గేటుకు పగటి కాపలాదారయ్యాడు.

మా అమ్మకు తల కొట్టేసినట్టయింది. "అక్కడ స్విచ్ వేసినవాడివి, ఇప్పుడు గేటు తీస్తావట్రా? అభిమానం లేదూ?"

"అది ఇంకా టెస్టు కాలేదక్కా. మధ్యలో వదిలేసి ఎలా పోను?" అన్నాడు మామయ్య.

అంతే ఆయన పట్టుదల. చనిపోయేలోగా ఆ ఒక్కదానికీ టెస్టు పెట్టాలి. రోజూ దాని దుమ్ము తుడిచి, కింద నూనె చెమ్మేమైనా ఉందేమో తడిమి చూసి వచ్చేవాడు. ఇంట్లో దాని కబుర్లే. "సవతిని తెచ్చినా ఇంత బాధపడేదాన్ని కాదు, కనీసం అది వంటైనా చేసేది" అని అత్తయ్య మూతి విరిచేది.

ఆ వానాకాలంలో ఎవరో అధికారులు వచ్చి, ముక్కులకు రుమాళ్లు అడ్డం పెట్టుకుని షెడ్లన్నీ తిరిగారు. ఫ్యాక్టరీ మళ్లీ తెరుస్తారని పుకారు లేచింది. మామయ్య వాళ్ల కారు వెంట పరుగెత్తాడట. "టెస్టు పెట్టేటప్పుడు నాకు కబురు చెయ్యండి సార్, పక్కనే ఇల్లు" అన్నాడట. వాళ్లు చూద్దామన్నారు. చూద్దాం అనే మాట మీద మనిషి ఎన్నాళ్లు బతకగలడో మామయ్యను చూసి నేర్చుకోవాలి. అప్పటినుంచి ఆయన రోజూ గడ్డం గీసుకునేవాడు.

వారం రోజుల ముసురు వెలిసిన సాయంత్రం. మామయ్య డ్యూటీ దిగి వచ్చి అత్తయ్య ఇచ్చిన టీ తాగుతున్నాడు. నేను ఎదురుగా కూర్చుని ఏదో వాగుతున్నాను. దీపాలు మసకబారాయి.

ముగ్గురం బల్బు వంక చూశాం. అది ఆరలేదు, వెలగలేదు. మసగ్గా, అచ్చం అప్పటిలాగే నిలబడింది.

"నేను డ్యూటీ దిగాక వచ్చారన్నమాట! నేను లేకుండా ఎలా పెట్టారు?" అన్నాడు మామయ్య. కోపంగా అనబోయాడు గానీ నవ్వు ఆగలేదు.

"కబురు చేసే తీరిక దొరకలేదేమో, వెళ్లండి వెళ్లండి!" అంటూ అత్తయ్య పెట్టెలోంచి పాత యూనిఫారం చొక్కా తీసింది. గుండీలు కూడా తనే పెట్టింది. "నేను స్టవ్వు వెలిగిస్తాను. అయిపోగానే నేరుగా ఇంటికి రండి, అక్కడ కబుర్లు పెట్టుకోకండి."

ఆయన చెప్పుల్లో కాళ్లు సరిగ్గా దూర్చకుండానే పరుగెత్తాడు. వీధిలో అన్ని గుమ్మాల్లోనూ జనం. "డిమ్ము మామయ్యా, కుమ్మెయ్!" అని ఎవరో అరిచారు. ఆయన వెనక్కి తిరక్కుండానే చెయ్యి ఊపాడు. పిన్నిగారు స్విచ్ గది గోడకు ఆనుకుని కళ్లు తుడుచుకుంటోంది. మేమంతా ఆ గది ముందే గుమిగూడి, ఇళ్లలోని బల్బుల కేసి చూస్తూ నిలబడ్డాం.

ఉన్నట్టుండి వీధంతా ధగధగా వెలిగింది.

చప్పట్లు కొట్టాం. అరచేతులు మండేలా కొట్టాం. అత్తయ్య గరిటె చంకలో పెట్టుకుని మరీ కొట్టింది.

మామయ్య రాలేదు. సంబరంలో ఇల్లు మర్చిపోయి ఉంటాడని నవ్వుకున్నాం. కూర దించేశాక రాత్రి కాపలాదారు గేట్లోంచి పడుతూ లేస్తూ వచ్చాడు.

లోపల టెస్టూ లేదు, ఏమీ లేదు. దొంగలు రాగి కోసం షెడ్డులో కేబులు కోశారు. సగం తెగిన కేబులు షెడ్డు నేలలో వాననీళ్లు నిండిన కాలవలో పడి కరెంటు ఆ నీళ్లలోకి పారింది. అందుకే మా దీపాలు మసకబారాయి. దొంగలు పారిపోయారు. మామయ్య చీకట్లో తన ట్రాన్స్‌ఫార్మర్ దగ్గరికి వెళ్లబోయి ఆ నీళ్లలో కాలు పెట్టాడు. కాసేపటికి కేబులు కాలి తెగిపోయింది. దీపాలు మళ్లీ వెలిగాయి.

"మసకబారగానే వీధి మొదట్లో మెయిన్ లాగేస్తే సరిపోయేది కదండీ. ఎక్కడైనా అదే కదా చేస్తారు?" అన్నాడు మర్నాడు వచ్చిన లైన్‌మన్. కొత్తవాడు, మా సంగతి తెలియనివాడు.

ట్రాన్స్‌ఫార్మర్‌ను ఆ ఏడే ముక్కలు కోసి లారీల్లో తీసుకెళ్లారు. దానికి టెస్టు కాలేదు.

అత్తయ్య ఇప్పటికీ ఆ క్వార్టర్లోనే ఉంటోంది. మా ఇంటికి రమ్మంటే రాదు. నేనే వెళ్తుంటాను. మొన్న వెళ్లినప్పుడు ఇద్దరం భోజనానికి కూర్చోగానే దీపం మసకబారింది. ఈ మధ్య లైను పాడైపోయి తరచూ ఇలాగే అవుతోందట. బయట ఎవరివో పరుగెత్తే అడుగులు వినిపించాయి. "లాగెయ్, లాగెయ్!" అని కేకలు. స్విచ్ గది తలుపు దభాలున కొట్టుకుంది. కాలనీ అంతా ఒక్కసారిగా చీకటైపోయింది.

"ఎప్పుడూ ఇంతే, మసకబారితే చాలు, ఎవరు దగ్గరుంటే వాళ్లు వెళ్లి లాగేస్తారు" అంది అత్తయ్య చీకట్లోంచి. నేను తడుముకుని ఆమె చెయ్యి పట్టుకున్నాను. చల్లగా ఉంది.

"ఇప్పుడా లాగేది?" అంది.