వదిన అడిగిన కంచె

పోయిన వారం మా బేతంచెర్లలో మానసిక ఆరోగ్యం మీద సభ పెట్టి, ఊళ్ళో వయసు మళ్ళినవాడినని నన్నూ ముందు వరుసలో కూర్చోబెట్టారు. బ్యానరు బాగుంది, టీ బాగుంది, మాట్లాడిన చిన్న వయసు డాక్టరమ్మ కూడా చక్కగా మాట్లాడింది. చివర్లో ఆమె, మనసు బాగాలేని వాళ్ళకు ఈ ఊళ్ళోనే నెలనెలా మందులు ఇవ్వడం మొదట ఎవరు పెట్టించారో ఎవరికైనా తెలుసా అని అడిగితే ఒక్కరూ పలకలేదు. నేనూ పలకలేదు. ఎక్కడ మొదలుపెట్టాలో తోచలేదు.

పెట్టించింది మా వదిన, మా అన్న భార్య. చర్చి బడిలో టీచరు. నేను అప్పట్లో స్టేషన్లో గూడ్సు గుమాస్తాని. సెలవు దొరికినప్పుడల్లా ఆమెను నా పాత స్కూటరు మీద ఆఫీసులకూ ఇళ్ళకూ తిప్పడం నా వంతు. డైరీ రాసే అలవాటు నాకు అప్పటికే ఉంది. ఆ ఏళ్ళవి తిరగేస్తే ఎక్కువగా కనబడేవి ఇలాంటి మాటలే: వదినతో కర్నూలు, పని కాలేదు, వదినతో మండలాఫీసు, పని కాలేదు.

వేంపల్లె దగ్గర వదిన పుట్టిన ఊళ్ళో ఆమె మేనత్తకు మనసు చెదిరితే పశువుల కొట్టంలో గుంజకు కట్టేసి ఉంచేవారట. సంగటి ముద్ద తీసుకెళ్ళి ఇచ్చేది చిన్నపిల్లగా ఉన్న మా వదినే. మేనత్త ఆ గుంజ దగ్గరే కన్నుమూసింది. ఈ సంగతి వదిన ఎప్పుడూ పెద్దగా చెప్పుకోలేదు గానీ, ఎవరింట్లోనైనా మనిషిని కట్టేశారని తెలిస్తే చాలు, బడి వదలగానే బయలుదేరేది. పెద్దాసుపత్రి డాక్టరును బతిమాలి నెలకోసారి చర్చి హాల్లో కూర్చోబెట్టింది, మందులు తెప్పించింది. దర్గాకు పోయేవాళ్ళనూ, దేవుళ్ళకు మొక్కుకునేవాళ్ళనూ ఆమె వద్దనలేదు. పోయి రాండి, మాత్రలు మాత్రం మానద్దండి అనేది.

ఊరి చివర, రాయి తీసి వదిలేసిన గని గుంత ఒకటి ఉండేది. వానలకు నిండి, ఎండాకాలంలో కూడా అడుగు కనబడనంత పచ్చటి నీళ్ళతో ఉండే ఆ గుంత పక్కనే ఒక చిన్న ఇల్లు. ఆ ఇంటి కొడుకు గనిలో పనిచేస్తూ చిన్న వయసులోనే మనసు చెదిరి, తనలో తాను మాట్లాడుకుంటూ గుంత వైపు నడిచిపోయేవాడు. ఒకసారి పడితే కూలీలు జుట్టు పట్టి బయటికి లాగారు. ఆ తర్వాత తల్లి అతని కాలికి గొలుసు వేసి, ఇంటి ముందు నిలువుగా పాతిన రాతి కూసానికి కట్టేసింది. వదిన ఇప్పించిన మాత్రలు పడ్డాక మనిషి నెమ్మదించాడు, మమ్మల్ని పేరు పెట్టి పలకరించేవాడు, అయినా గొలుసు దిగలేదు. వదిన ఒకనాడు గట్టిగానే అడిగింది. ఆ తల్లి చెరుగుతున్న చేట పక్కన పెట్టింది.

“నీకేమమ్మా, తీయమని చెప్పి నీ దావన నువ్వు పోతావు. వాడు గుంతలో పడితే యాడని ఎతకల్ల నేను? ఈడ కట్టేసింటే కండ్ల ముందర ఉండాడు.”

ఎంత మొండి అధికారికైనా బదులు చెప్పే మా వదిన, లేచి గుంత అంచుదాకా పోయి నీళ్ళలోకి చూసి వచ్చింది. మర్నాడు అర్జీ కాగితం తీసి కొత్తగా రాసింది. అందులో అడిగింది గుంత చుట్టూ కంచె.

దాని కోసం తిరిగిన తిరుగుడు తలచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు అలిసిపోతుంది. ఆరోగ్యశాఖ వాళ్ళు గనుల ఆఫీసుకు పొమ్మన్నారు, గనుల వాళ్ళు లీజు ముగిసిపోయింది పంచాయతీని అడగమన్నారు, పంచాయతీ వాళ్ళు ఆ స్థలం తమది కాదన్నారు. ఒక అధికారి అయితే నవ్వాడు.

“ఏమ్మా, మెంటలోళ్ళ సంగతని వచ్చి గుంతకు కంచె అడుగుతాండావు?”

“గుంతకు కంచె లేకనే కదా సార్, మనిషిని కట్టేసినారు” అంది వదిన.

ఆయన నవ్వు ఆపాడు గానీ సంతకం పెట్టలేదు. ఇంక చాలు వదినా అని నేను విసుక్కుంటే, “మొగం మాడ్చుకుంటే స్కూటరు కదలదప్పా మరిదీ, పోయి పెట్రోలు పోయించుకో” అనేది.

చివరికి ఆఫీసులు వదిలి, బండలు నునుపు చేసే పాలిష్ ఫ్యాక్టరీల దగ్గరికి పోయింది. ప్రతి ఫ్యాక్టరీ వెనకా విరిగిన బండలు కుప్పలుగా పడి ఉండేవి. వాటిని చేల గట్ల మీద పాతినట్టు గుంత చుట్టూ నిలువుగా పాతిపెట్టమని కూలీలను అడిగింది. వాళ్ళలో ఒకడు, “టీచరమ్మా, ఆ మాత్రలేవో మా మేస్త్రీకి గూడా రెండిప్పియ్యి, పొద్దస్తమానం అరుస్తాంటాడు” అన్నాడు. అందరూ పడిపడి నవ్వారు. నవ్వినవాళ్ళే పని లేని రోజుల్లో వచ్చి బండలు మోశారు. నేనూ మోశాను.

పాతడం పూర్తయిన రోజు ఆ తల్లి గుంత చుట్టూ తిరిగి ఒక్కొక్క బండనూ భుజంతో నెట్టి చూసింది. తర్వాత వచ్చి గొలుసు తీసింది. కొడుకు గొలుసు ఇంకా ఉన్నట్టే ఆ కాలు ఈడుస్తూ బండల దాకా నడిచి, వాటి మీద గడ్డం ఆనించి నీళ్ళను చూస్తూ నిలబడ్డాడు. కాసేపటికి వెనక్కి తిరిగి, “అమ్మా, ఆకలైతాంది” అన్నాడు. ఆ తర్వాత చాలా ఏళ్ళు పాలిష్ మిషను దగ్గర బండల మీద నీళ్ళు పట్టే పని చేసుకుంటూ బతికి, తల్లి పోయిన ఎంతో కాలానికి అందరిలాగే జ్వరమొచ్చి పోయాడు.

వదిన అంతకు ముందే పోయింది. ఆ బండలను ఎవరో పెరికి ప్రహరీలకు వాడుకున్నారు. ఇప్పుడు ఎవరూ పిచ్చి అనే మాట అనరు, ఆసుపత్రిలో మర్యాదగా కుర్చీ చూపిస్తారు, మాత్రలు ఒక్కో నెల ఉంటాయి, ఒక్కో నెల ఉండవు. గొలుసులు పోయాయని సభలో చెప్పారు, సంతోషమే. అయితే మా వీధిలోనే ఒక ఇంట్లో, లోపల మనిషి ఉండగా బయట గడియ పెట్టి ఉంటుంది. నిన్న సాయంత్రం ఆ ఇంటి ముందు ఆగాను. ఆ ఇంటి తల్లి దేనికి భయపడుతున్నదో తెలుసుకోవాలంటే లోపలికి పోయి కూర్చోవాలి, ఆమె నాలుగు మాటలంటే పడాలి, మళ్ళీ పోవాలి. వాళ్ళ అరుగు మీద కాసేపు కూర్చున్నాను. చీకటి పడుతుంటే లేచి ఇంటికి వచ్చేశాను.