ఉప్పు ఎక్కడ మొదలవుతుంది? యానాం దిగువ పాయలో మూడు రోజులు

పోయిన మార్గశిరంలో నేనొక వ్యాసం రాశాను. గోదావరి సముద్రంలో కలిసే చోట ఉప్పునీరు నదిలోకి ఎంత దూరం ఎక్కి వస్తుందో తెలుసుకోవాలని యానాం ఎగువ రేవు నుంచి పడవలో దిగుతూ, దారి పొడుగునా పన్నెండు సీసాల్లో నీళ్ళు పట్టి పరీక్షించాను. సముద్రానికి దగ్గరగా ఉన్న జాలరిపేట దాకా నీరు తియ్యగానే ఉందనీ, ఆ పేటలో నాకిచ్చిన నీళ్ళు రాజమండ్రి నీళ్ళకు ఏమాత్రం తీసిపోవనీ రాశాను. పత్రికలో అచ్చయిన రోజు బడిలో పిల్లలకు చదివి వినిపించాను. ఇంట్లో మా ఆవిడకు రెండుసార్లు వినిపించాను. రెండోసారి ఆవిడ బియ్యం ఏరుకుంటూ విన్నది.

మాఘమాసంలో ఒక ఆదివారం చర్చి నుంచి ఇంటికి వస్తుంటే ఎండుచేపల గంపతో నూకరాజు ఎదురయ్యాడు. అప్పుడు నన్ను పడవలో దింపింది ఇతనే, జాలరిపేట అతని ఊరే. గంప దించి, దణ్ణం పెట్టి, కోపమేమీ లేకుండా చెప్పాడు.

"మేష్టారండి, తమరు రాసిన కాయితం మా కొంప ముంచిందండి."

సంగతేమిటంటే, కాలువ చివరను తమ పేట దాకా పొడిగించి ఒక మంచినీళ్ళ గుంట తవ్వించమని వాళ్ళు అర్జీ పెట్టుకున్నారు. అక్కడ తియ్యటి నీరుందని ఎవరో మేష్టారు పత్రికలో రాశారు కదా అని సర్కారు కచేరీలో ఎవరో అన్నారట. ఫాల్గుణ పున్నమికి ముందు ఓవర్సీరు గారు ఆఖరిసారి వచ్చి చూస్తారు. అప్పుడూ ఇదే మాటైతే ఆ అర్జీ ఇక కట్ట విప్పరు.

"అయితే మీ పాయలో నీరు ఉప్పగా ఉంటుందా?" అన్నాను.

"ఉంటాదండి."

"మరి నేను చూసినప్పుడు లేదే?"

"తమరు చూసినప్పుడు ఉండదండి," అన్నాడు నూకరాజు, అదేదో వానాకాలంలో వాన పడుతుందన్నంత మామూలుగా.

ఆ మాట నాకు ముల్లులా గుచ్చుకుంది. ఫాల్గుణంలో బడికి వారం రోజులు సెలవు పెట్టి, అవే పన్నెండు సీసాలు పెట్టెలో సర్దుకున్నాను. ఉప్పుంటే నీటిని పాలలా తెల్లగా మార్చే వెండి ద్రావకం ఒక బుడ్డిలో పోసుకున్నాను. ఓవర్సీరు గారికంటే ఒక్కరోజు ముందైనా అక్కడ ఉండాలి.

రాజమండ్రి నుంచి ధవళేశ్వరానికి జట్కాలో వెళ్ళాను, రెండణాలు తీసుకున్నాడు. సాయంత్రం అయిదింటికి లాకుల దగ్గర కాలువ పడవ బయలుదేరుతుంది. మనిషికి నాలుగణాలు. గట్టు మీద ఇద్దరు మనుషులు తాడు పట్టి లాగుతారు కనుక తొందరపడేవాళ్ళకు ఆ ప్రయాణం పనికిరాదు. చాప, దుప్పటి ఎవరివి వాళ్ళే తెచ్చుకోవాలి. మర్నాడు పొద్దున్నే రామచంద్రపురంలో దిగి, ఇడ్డెన్లు తిని, ఎడ్లబండి మాట్లాడుకున్నాను. ద్రాక్షారామం మీదుగా యానాం ఎగువ రేవుకు అర్ధరూపాయి. బండివాడికి నా సీసాల పెట్టె మీద పెద్ద అనుమానం కలిగింది.

"అందులో ఏంటండి, సారాయా?"

"ఖాళీ సీసాలయ్యా. నీళ్ళు పట్టుకోవడానికి."

"నీళ్ళకోసం ఇంత దూరమేంటండి, మా ఊరి కాలవలో పట్టుకోకపోయారా," అని దారంతా నా మీద జాలిపడ్డాడు. రెండు పక్కలా రెండో పంట దాళ్వా వరి పచ్చగా ఉంది, ప్రతి బోదెలోనూ కాలువ నీరు గలగలమంటోంది. ఇంత నీరున్న సీమలో ఆ చివర ఒక పేట నీళ్ళకోసం అర్జీ పెట్టుకుందంటే బండివాడే కాదు, చూడనివాళ్ళెవరూ నమ్మరు.

ఆ రాత్రి రేవు సత్రంలో పడుకుని, త్రయోదశి నాడు ఉదయం ఏడింటికి నూకరాజు పడవ ఎక్కాను. పోటు నిండి, నీరు సముద్రం వైపు తిరిగే వేళ అది. పోయినసారిలాగే అరగంటకొకసారి సీసా ముంచి, వెండి ద్రావకం చుక్క వేశాను. మొదటి సీసా తేటగా ఉంది. రెండోదీ అంతే. ఆరో సీసా నాటికి ఒడ్డున కొబ్బరితోటలు పోయి మడచెట్లు వచ్చాయి, గాలిలో సముద్రపు వాసన తగులుతోంది. నీరు మాత్రం ఆవగింజంతైనా తెల్లబడలేదు. నాకు లోపల కొంచెం సంతోషం కూడా కలిగింది, దాచుకోవడమెందుకు? నా వ్యాసం తప్పు కాదేమో, వీళ్ళే పెంచి చెబుతున్నారేమో అనుకున్నాను.

నూకరాజు నా ముఖం చూసి, పడవలోంచి ఒక కొబ్బరి డొక్క తీసి నీళ్ళలో పడేశాడు. తెడ్డు పైకెత్తి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"దాన్ని చూత్తా ఉండండి."

చూశాను. డొక్క పడవ పక్కనే ఉంది. ఒక లంక దాటాం, డొక్క పక్కనే ఉంది. చేపలకు మావు వల కట్టిన గుంజలు దాటాం, అది ఇంకా అక్కడే, నేను చెయ్యి చాపితే అందేటట్టుంది.

"అది మనతోనే వస్తోందేమిటయ్యా?"

"డొక్కే కాదండి, నీళ్ళూ మనతోనే వత్తన్నాయి. పొద్దున్న రేవులో ఉన్న నీళ్ళే ఇవి. తమరు పన్నెండు చోట్ల ముంచారు గానండి, ముంచింది ఒక్క నీళ్ళే."

ఇరవై ఏళ్ళుగా పిల్లలకు ప్రకృతి పాఠాలు చెబుతున్నాను. చోటు మారితే నీరు మారుతుందనుకుని పన్నెండు చోట్ల ముంచాను గాని, ఆ చోట్లన్నింటికీ అదే నీటిని వెంటబెట్టుకుని వెళ్ళానని నాకు తట్టలేదు. ఆటుతో దిగేవాడికి నది పొడుగునా తియ్యగానే ఉంటుంది. ఎదురుగా వచ్చే ఉప్పును చూడాలంటే ఒకచోట కదలకుండా కూర్చోవాలి.

"మరి అప్పుడే చెప్పొచ్చు కదయ్యా?"

"తమరు చదువుకున్నోరు కదండి, ఇంకేదో చూత్తన్నారనుకున్నాను."

ఒంటిగంటకు పేట చేరాం. పాయ ఒడ్డున ముప్పై తాటాకు ఇళ్ళు. నూకరాజు తల్లి పోలమ్మ గారికి అరవై ఏళ్ళుంటాయి, మనిషి సన్నగా, నిటారుగా ఉంటుంది. నేను అరుగెక్కగానే ఇత్తడి చెంబుతో నీళ్ళిచ్చింది. ఎండనపడి వచ్చానేమో, గటగటా తాగేశాను. చల్లగా, తియ్యగా ఉన్నాయి, పోయినసారి తాగినవి కూడా ఇలాగే ఉన్నాయి. ఇంకో చెంబు అడిగాను, ఇచ్చింది.

ఆ మధ్యాహ్నమంతా నేను రేవు గుంజ దగ్గర పీట వేసుకుని కూర్చున్నాను. గంటకొక సీసా, ఒకే చోట. రెండింటికి నీరు దాదాపు తేటగానే ఉంది, ఒడ్డు బురదలో మిగిలిన ఉప్పు మాత్రం లీలగా తెలిసింది. మూడింటికి పాయలో తుక్కు వెనక్కి తిరిగి ఎగువకు పోవడం మొదలుపెట్టింది. నాలుగింటికి సీసాలో సన్నటి మసక కనబడింది. అయిదున్నరకు చుక్క వేయగానే నీళ్ళు పాలలా తెల్లబడ్డాయి. పాయలోంచి ఒక పుక్కిలి నోట్లో పోసుకుని ఉమ్మేశాను. అప్పుడు గుర్తొచ్చాయి నేను తాగిన రెండు చెంబులు.

"అమ్మా, నాకిచ్చిన నీళ్ళు ఎక్కడివి?"

పోలమ్మ గారు చేపలు ఆరేస్తూ తలెత్తలేదు. జవాబు నూకరాజే చెప్పాడు. పైన రేవు నుంచి, మూడు కోసులు, పోటుతో పడవ ఎగువకు పోయి కడవలు నింపుకుని, ఆటు కోసం కాచుకుని దిగి వస్తుంది. నాలుగిళ్ళకు ఒక పడవ. పిల్లలకు, వంటకు, ఇంటికొచ్చినవాళ్ళకు ఆ నీళ్ళు. పెద్దవాళ్ళు ఆటువేళ పాయనీళ్ళే పట్టుకుని, కాచి, కాస్త ఉప్పగా ఉన్నా తాగుతారు. కొత్తవాళ్ళెవరొచ్చినా కడవ నీళ్ళే ఇస్తారు. అందుకే కొత్తవాళ్ళెవరొచ్చినా నీరు తియ్యగా ఉందనే చెప్పుకుంటూ పోతారు. చెప్పడంతో ఆగక, నేను అచ్చువేయించాను కూడా.

ఆ ఇంటి గోడమీద బొగ్గుగీతలు చూసింది అప్పుడే. పడవ ఎవరి వంతో తగువు రాకుండా, నీళ్ళకు వెళ్ళినప్పుడల్లా పోలమ్మ గారు ఒక గీత గీస్తుంది. పక్షానికి ఒక వరస. వరద దిగిన ఆశ్వయుజంలో వరస ఖాళీ. కార్తికంలో పున్నమికి ఒక గీత, అమావాస్యకు ఒక గీత. మార్గశిరంలో పున్నమికీ అమావాస్యకూ అటూ ఇటూ గుత్తులుగా ఉన్నాయి, నడుమ అష్టమి నవమిల్లో ఏమీ లేవు. అప్పుడు పోటు చిన్నది, ఉప్పు ఇంతదాకా రాదట. మాఘం నుంచి నడుమ ఖాళీ కూడా నిండిపోయింది. ఫాల్గుణంలో దాదాపు రోజుకొక గీత. నేను సీసాలతో వెతుకుతున్నది ఆ గోడమీద ఎప్పటినుంచో ఉంది. నా పుస్తకంలోకి గీత గీతా ఎత్తి రాసుకున్నాను.

తరువాత ఆవిడ్ని బతిమాలాను. "అమ్మా, రేపు ఓవర్సీరు గారు వస్తారు. ఆయనకు పాయనీళ్ళే ఇవ్వండి. ఒక్క గుక్క తాగితే మీ అర్జీ గట్టెక్కుతుంది."

ఆవిడ నన్ను బడిపిల్లాడిని చూసినట్టు చూసింది. "ఎండలో పడొచ్చినోరికి ఉప్పునీళ్ళిత్తామా బాబూ. అలాగిచ్చి తెచ్చుకునే గుంట మాకెందుకు?"

మర్నాడు రెండింటికి, సరిగ్గా నీరు అడుగంటిన వేళకు, ఓవర్సీరు గారి పడవ దిగింది. ఆయనా ఆటుతోనే వచ్చారు. మంచి మనిషే. మా చర్చి సంఘంవారే కనుక నీళ్ళ దగ్గర పట్టింపులు లేవు. గోడమీద గీతలు చూపించాను, నా పట్టిక చూపించాను. ఆయన సంచిలోంచి నా వ్యాసమే తీశారు.

"మేష్టారూ, ఇదీ మీరే రాశారు, అదీ మీరే రాశారు. నేను ఏ మేష్టారిని నమ్మాలండి?"

ఆయన రేవులో ఒక దోసిలి రుచి చూసి, "కాస్త ఉప్పగా ఉంది గాని, తాగలేనంత కాదే," అన్నారు. పోలమ్మ గారు చెంబు తెచ్చింది. ఆయన తాగారు. "ఆహా, ఇవి బాగున్నాయి," అని మరో చెంబు అడిగారు. ఆయన వెంట వచ్చిన నలుగురు పడవవాళ్ళూ ఎండకు వాడిపోయి ఉన్నారు, వాళ్ళకూ తలా ఒక చెంబు పోసింది. ఎవరడిగినా లేదనలేదు. నాకు ఏడుపొక్కటే తక్కువ.

ఆఖరి చెంబుకు కడవ పూర్తిగా వంచవలసి వచ్చింది. పోసేశాక పోలమ్మ గారు కడవను గుమ్మం పక్కన బోర్లించింది.

ఓవర్సీరు గారు అది చూశారు. "ఏమ్మా, మళ్ళీ నింపరా?"

"నూకరాజు ఇప్పుడు పోటుతో ఎళ్తాడండి. రేపు పొద్దుటికి వత్తాడు."

"రేపు పొద్దుటికా? పాయ ఇక్కడే ఉంది కదా?"

లోపల్నుంచి కోడలు చంకలో బిడ్డతో వచ్చి, బోర్లించిన కడవ చూసి, అత్తగారి ముఖం చూసి లోపలికి వెళ్ళిపోయింది.

"అప్పటిదాకా ఎలాగమ్మా?"

"అప్పటిదాకా ఉంటామండి," అంది పోలమ్మ గారు. "మాకలవాటే."

ఆయన చేతిలో చెంబు ఇంకా సగం ఉంది. దాన్ని తాగలేదు, పారబోయనూ లేదు. నెమ్మదిగా లోపలికి పంపించారు. తరువాత తిరుగు ప్రయాణం మానుకుని, నా పీట తీసుకుని రేవు గుంజ దగ్గర కూర్చున్నారు. నాలుగింటికొకసారి, అయిదింటికొకసారి దోసిలి పట్టారు. ఆరింటికి పట్టినది నోట్లోంచి ఉమ్మి, కండువాతో మూతి తుడుచుకుని, పుస్తకం తెరిచారు. గోడమీది గీతలు నన్నే చదవమని, తిథులతో సహా రాసుకున్నారు. మధ్యలో నా వ్యాసం నాకు తిరిగి ఇచ్చేశారు.

పైవాళ్ళు ఆ రాతను ఏం చేస్తారో నాకు తెలియదు. కానీ నది విషయంలో నా పొగరు అణిగింది. ఒక్కరోజులో నది పొడుగునా చూసి వచ్చినవాడికంటే, ఒక్క గుమ్మం దగ్గర ఏడాది పొడుగునా చూసినవాళ్ళకే నది ఎక్కువ తెలుసు. పోయినసారి నేను రాసింది తప్పు. ఆ వ్యాసం చదివి నమ్మినవారంతా నన్ను క్షమించాలి. జాలరిపేటవాళ్ళు మాత్రం ఆ మాట అడిగే అవకాశం కూడా ఇవ్వలేదు, నేను బయలుదేరేటప్పుడు ఎండు మెత్తళ్ళు మూటగట్టి ఇచ్చారు.

అటు వెళ్ళదలచినవారికి ఒక్క మాట. యానాం ఎగువ రేవులో పడవ ఎక్కే ముందే రెండు కడవలు నింపి పెట్టుకోండి. పేటలో దిగగానే పోలమ్మ గారు మీకు చెంబు అందిస్తుంది, వద్దంటే నొచ్చుకుంటుంది కనుక తాగండి. కానీ అంతకుముందే మీ కడవలు ఆవిడ గుమ్మం దగ్గర దింపించండి.