నేను తీయనివ్వని ముఖం

ఏళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. చిన్నదే. కానీ రెండు భాషల్లో ఆడాను. అందుకేనేమో, బరువు రెట్టింపు అనిపిస్తుంది.

అప్పుడు నేనిక్కడ, సింగపూర్‌లో, జపనీస్ చదువుతున్నాను. ఈ ఊళ్లోనే తీస్తున్న ఒక సినిమాకి దుబాసీ పని దొరికింది. జపాన్ నుంచి వచ్చిన నటికి ఇంగ్లీషు రాదు, ఇక్కడి దర్శకుడికి జపనీస్ రాదు. ఆవిడ జీవితమంతా హీరోయిన్ తల్లిగా, ఇంటి ఓనరుగా, నర్సుగా ఒక్కో మాట చెప్పి పక్కకు తప్పుకున్న మనిషి. చనిపోయిన కొడుకుతో మాట్లాడే పెద్ద సన్నివేశం ఇందులోనే మొదటిసారి దొరికిందట. వ్యానులో, భోజనాల దగ్గర అదే వల్లె వేసుకునేవారు.

ఆ సన్నివేశాన్ని ముందు ఆవిడ వెనకనుంచి తీశారు. దర్శకుడు నా వైపు తిరిగి, "ఆంటీకి క్లోజప్ కావాలేమో అడుగు. టైముంది లా," అన్నాడు, ఇక్కడివాళ్ల అలవాటుగా చివర 'లా' తగిలించి.

నేను అడగలేదు. పాయా లేబర్ స్టేషన్ దగ్గర ఒకతను నాకోసం ఎదురుచూస్తున్నాడు. ఆవిడ అలసిపోయి వద్దంటున్నారని దర్శకుడికి చెప్పాను. ఆయన ఇక చాలన్నాడని ఆవిడకి చెప్పాను.

"నా ముఖం అక్కర్లేదా?"

"వద్దన్నారండీ. చాలా బాగా వచ్చిందట."

ఆవిడ నవ్వేశారు. "ముందే చెబితే వీపుకే మేకప్ వేయించుకునేదాన్ని కదమ్మా."

నేనూ నవ్వాను. ఎలా నవ్వగలిగాను?

సినిమా చూశాను. ఆవిడ గొంతు పగిలిపోతుంటే తెర మీద నెరిసిన జుట్టుముడి, కాస్త కదిలే భుజాలు, అంతే. ఆ మాటలకి ఆ ముఖం ఎలా మారేదో వ్యానులో పక్కన కూర్చున్న నేను మాత్రమే చూశాను.

ఇప్పుడు నాకు పాప. నిద్రపోయాక ఊపిరి తీసుకుంటోందా అని ముక్కు దగ్గర వేలు పెట్టి చూస్తుంటాను. మెలకువగా ఉంటే, నవ్వాలో ఏడవాలో అది నా ముఖం చూసే తేల్చుకుంటుంది. ఆ సంగతి గమనించినప్పటి నుంచీ ఆవిడే గుర్తొస్తున్నారు.

కుమిలిపోతున్నానని అనుకోకండి. సుఖంగానే ఉన్నాను. అదే చిక్కు. ఎదురుచూసినతనే పాప తండ్రి. ఆ సాయంత్రమే పెళ్లి మాట ఎత్తాడు. మళ్లీ ఆ సాయంత్రం వస్తే ఆవిడని అడుగుతానా? అడుగుతాననే అనుకుంటాను, కానీ పడుకున్న పాపని చూస్తూ ఆ మాట గట్టిగా అనలేను.

ఇంటికొచ్చిన ప్రతివాళ్లకీ అతను చెబుతాడు, ఆ రోజు దేవుడే షూటింగ్ త్వరగా ముగించాడని. నేను టీ అందిస్తూ తలూపుతాను.

దేవుడు కాదు. నేను ముగించాను. ఇన్నాళ్లకి ఈ మాట మీతో అన్నాను. కాస్త ఊపిరాడుతోంది.