ఇంకింత

నూనెలో ఉల్లిపాయలు బంగారు రంగు దాటి ఎర్రబడేటప్పుడు ఒక తీపి వాసన వస్తుంది. ఈ ఉదయం సైదాబాద్‌లోని నా వంటగదిలో ఆ వాసన లేవగానే చేతులకు తొందర పుట్టింది. పక్క పొయ్యి మీద నూకలు, పెసరపప్పు, అల్లం, మిరియాలు కలిసి మెత్తగా ఉడుకుతున్నాయి. పైన గోంగూర పచ్చడి, వేయించిన ఉల్లిపాయలు, పుదీనా, నిమ్మరసం పడాలి. చూస్తే హలీమ్ అనుకుంటారు, నాకు నేర్పిన సుగుణ ఆంటీ మాత్రం గంజి అనే అనేది. ఆఫీసు నుంచి నలుగురు అమ్మాయిలు ఈ గంజి తినడానికి వస్తున్నారు. నా అంతట నేను మనుషుల్ని ఇంటికి పిలవడం ఇదే మొదటిసారి. అప్పుడే మూడుసార్లు తలుపు తీసి చూశాను.

లాల్‌దర్వాజాలో మా పక్క వాటాలో ఉండేది ఆంటీ. సర్కారు దవాఖానా వంటశాలలో ముప్పై ఏళ్లు పనిచేసింది. వార్డు వార్డుకూ తిరిగి గంజి పోసేది. రోగులు దాన్ని మందులాగా, మొహం చిట్లించుకుని తాగేవారు. అయినా రోజూ గిన్నె అడుగున ఒక గరిటెడు మిగిల్చేది. "ఎవరన్న ఇంకింత అంటే లేదనొద్దు గద బిడ్డా. గని ఇన్నేండ్లల్ల ఒక్కలు సుత అన్లే" అని నవ్వుతూనే చెప్పేది. రిటైరయ్యాక ఆమెకు మిగిలిన కోరిక ఆ ఒక్క మాట వినడమే.

నేనేమో ఇంటికి ఎవరైనా వస్తే పుస్తకం వెనక దాక్కునేదాన్ని. ఆంటీ ఏది వడ్డించినా "చాలు" అని పళ్లానికి చెయ్యి అడ్డం పెట్టేదాన్ని. "పుస్తకాలు మాత్రం ఇంకోటి, ఇంకోటి అంటవు. బువ్వ కాడ చాలు, మాట కాడ చాలు. గింత మొహమాటమైతే ఎట్ల బతుకుతవే?" అని కసిరేది. ఆ తిట్లన్నీ నా డైరీలో భద్రంగా ఉన్నాయి. ఒక రంజాన్ నెలలో హలీమ్ తిని వచ్చి, కళ్లు పెద్దవి చేసుకుని అడిగింది: "గా సింగారమంత మన గంజికి చేస్తే ఏమైతది?" ఇక వారమంతా ప్రయోగాలే. ఏదో తక్కువైందని ఆమె తల పట్టుకుంటే, గోంగూర అని గొణిగాను. "గట్టిగ చెప్పరాదె, గంత దిమాగ్ పెట్టుకొని!" అంది.

ఆ గంజి అమ్ముదామని ఆంటీ ఛత్రినాకలో బండి పెట్టిన మొదటి ఉదయం, గిన్నెలు అందించడానికి నేనూ వెళ్లాను. వచ్చినవాళ్లందరూ పక్కనున్న ఇడ్లీ బండికే పోతున్నారు. ఒక ఆటో అన్న మాత్రం తొంగి చూశాడు.

"ఏందమ్మా ఇది?"

"గంజి."

"గంజా? చీరలకు పెడ్తరు గద! తాగితే కడక్ అయిత నేను!"

చుట్టూ అందరూ నవ్వారు. ఆంటీ కూడా నవ్వింది. కానీ గరిటె పట్టుకున్న చెయ్యి మెల్లగా కిందికి దిగింది. ఆ చేతిని చూడలేక, నాకోసం పోసిన గిన్నెలోకి తల దించి తినసాగాను. వేడి, వెనకే పులుపు, పంటి కింద కరకరమనే ఉల్లిపాయ. గిన్నె ఎప్పుడు ఖాళీ అయిందో తెలియదు. గిన్నె పట్టుకున్న చెయ్యి దానంతటదే ముందుకు వెళ్లింది.

"ఆంటీ, ఇంకింత!"

అది అరుపే. ఆమెను ఊరడించడానికి అనలేదు, నిజంగానే ఇంకా కావాలనిపించింది. అందరూ నావైపు తిరిగారు. చెవులు కాలిపోయాయి. ఆంటీ చేతిలో గరిటె మళ్లీ పైకి లేచింది.

"ఏమన్నవ్?"

"ఇంకింత ఎయ్యి ఆంటీ."

ఆటో అన్న మెడ గోక్కున్నాడు. "గంత మంచిగున్నదా చెల్లె? నాకో గిన్నె ఎయ్యమ్మా. కడక్ అయితే అయిత."

కాసేపటికి మాట్లాడకుండా ఖాళీ గిన్నె చాచాడు. ఆంటీ కదల్లేదు. "నోరు లేదా భాయ్? అడుగు."

"ఇంకింత!" అన్నాడు, నోట్లో ముద్ద ఉండగానే.

ఆ తర్వాత ఇంకెవరో, ఇంకెవరో. చివరికి గరిటె పెద్ద గిన్నె అడుగును గీరిన చప్పుడు వినిపించింది. ముప్పై ఏళ్లు మిగిలిన ఆ ఒక్క గరిటె ఆ రోజు మిగల్లేదు. ఆంటీ ఖాళీ గిన్నెను నావైపు వంచి, చిన్నపిల్లలా చూపించింది.

ఆమె పోయి రెండేళ్లయింది. ఇప్పటికీ నలుగురిలో నోరు విప్పాలంటే నాకు మొహమాటమే. అప్పుడు ఆ చాచిన చెయ్యి గుర్తొస్తుంది. మీటింగులో అర్థం కానిది మళ్లీ అడుగుతాను. మొన్న ఆఫీసు క్యాంటీన్‌లో ఈ నలుగురు అమ్మాయిల్నీ పిలిచిందీ అలాగే.

మెట్ల మీద చెప్పుల చప్పుడు, నవ్వులు. ఒక గరిటెడు గంజి చిన్న గిన్నెలోకి తీసి మూతపెట్టాను. ఎవరో ఒకరు అడుగుతారు. అడగకపోతే నేనే అడుగుతాను, గట్టిగా.