కేబుల్‌ని అడిగే మేస్త్రీ

తాడేపల్లిగూడెంలో కార్ల ఎలక్ట్రికల్ పని చేసేవారాయన. ఆ రోజుల్లో మా వైపు లాప్‌టాప్ ఉన్న షెడ్లు రెండో మూడో; ఆయనదొకటి. కారులోని కంప్యూటర్‌తో మాట్లాడే కేబుల్ ఎంత కొత్తదైనా సరే, మేస్త్రీగారు దాన్ని నేరుగా కారుకి తగిలించేవారు కాదు. ముందు లాప్‌టాప్‌కి పెట్టి, చిన్న సాఫ్ట్‌వేర్ ఒకటి నడిపి, లోపలున్న చిప్ ఏదో, ఫర్మ్‌వేర్ ఏ వెర్షనో చూసేవారు.

"ముందు నువ్వెవరని దీన్నే అడుగుదామండీ," అనేవారు.

నేను ఏలూరులో అలాంటి కేబుళ్లు అమ్మేవాణ్ణి. ఒకరోజు కొత్త సరుకు తెచ్చి చూపించాను. స్టిక్కర్ మీద కొత్త వెర్షన్ ఉంది. తెరమీద మాత్రం పాత నంబరు, ఇంకేదో చిప్ కనిపించాయి.

"డూప్లికేటండీ. కారులోని వివరాలు చదవడానికి పర్లేదు గానీ, ఇంజిన్ కంప్యూటర్‌లోకి ఏదైనా రాస్తుంటే మధ్యలో ఆగిపోవచ్చు. అప్పుడిక కారు కదలదు."

నాకు తలెత్తబుద్ధి కాలేదు. ఆయన తిట్టలేదు.

"ఇంకెవరికిచ్చారండీ?" అని మాత్రం అడిగారు.

అత్తిలిలో ఒక మెకానిక్‌కి ఇచ్చానన్నాను. ఫోన్ చేస్తే అతను ఎత్తలేదు. మేస్త్రీగారు చేతిలో పని అలాగే వదిలేసి నా మోటార్‌సైకిలెక్కారు.

మేం వెళ్లేసరికి కేబుల్ కారుకి తగిలించే ఉంది. ఇంజిన్ కంప్యూటర్‌లోకి రాయడానికి మెకానిక్ వేలు లాప్‌టాప్‌ ఎంటర్ మీదే ఉంది.

"ఆగండి బాబూ!"

అంత మెత్తటి మనిషి అరవగా నేను విన్నది ఆ ఒక్కసారే. మెకానిక్ ఉలిక్కిపడి చెయ్యి తీసేశాడు. మేస్త్రీగారు వెళ్లి కేబుల్ ఊడదీశారు.

బల్ల మీద కూర్చుని టీ తాగుతున్న కారు యజమాని కంగారుగా లేచి, "ఏమైందండీ?" అన్నాడు.

"ఏమీ కాలేదండీ," అన్నారు మేస్త్రీగారు, మెడ మీది చెమట తుడుచుకుంటూ.