మూడో బంతి

ఇరాక్ సైన్యం కువైట్‌లోకి దిగినప్పుడు నేను అహ్మదీలో ఒక అమెరికా ఇంజనీరు ఇంట్లో పనిచేసేదాన్ని. ఆయన ఒకప్పుడు బేస్‌బాల్ ఆడి బతికినవాడు. ఆట చేజారిపోయేటప్పుడు చివర్లో దింపే బౌలర్ అట. అలవాటు చావక సాయంత్రాలు పెరట్లో బంతి విసిరేవాడు. తోలు గ్లవ్ తొడుక్కుని నేను పట్టేదాన్ని. "ఎదుటివాడి మొహం చూడకు, గురి చూడు" అనేవాడు.

సైనికులు అమెరికావాళ్లను పట్టుకుపోతున్నారని తెలిసి, ఆయన్ను బియ్యం బస్తాల గదిలో దాచాను.

"మనకెందుకమ్మీ ఈ రచ్చ? చెప్పేస్తే ఖలాస్!" అన్నాడు వంటచేసే ఖాదరన్న. మా ఇద్దరిదీ రాయచోటే.

"ఆయన ఉప్పు తిని ఆయన్నే పట్టిస్తామా? గమ్మునుండన్నా!" అన్నాను.

మర్నాడే ముగ్గురు సైనికులొచ్చారు. పెరట్లో గ్లవ్, బంతి దొరికాయి. "ఎవరివి?" అన్నాడు ఆఫీసరు. "నావే" అన్నాను, వచ్చీరాని అరబ్బీలో. వాడు పగలబడి నవ్వి, గోడమీద పాలడబ్బా పెట్టించాడు. "అయితే కొట్టు. మూడుసార్లు."

రెండు బంతులు వాడి మొహం చూస్తూ విసిరాను. రెండూ తప్పాయి. ఖాదరన్న కళ్లు మూసుకున్నాడు. నాకు భయం పోయి ఒళ్లు మండింది. జొన్నచేలో మంచెక్కి రాళ్లతో చిలకల్ని తోలినదాన్ని, నాకా పరీక్ష? ఈసారి వాణ్ణీ చూడలేదు, తుపాకుల్నీ చూడలేదు. డబ్బా ఎగిరి అవతల పడింది.

ఆఫీసరు నా మాట నమ్మి, ఇల్లు వెతక్కుండానే గ్లవ్ చంకన పెట్టుకుని పోబోతుంటే చెయ్యి చాచాను. "అది నాది, ఇచ్చిపో." ఇచ్చాడు.

ఆ తర్వాత మా ఇంజనీరు క్షేమంగా వాళ్ల దేశం చేరాడు. ఇప్పటికీ ఎవరైనా "పనిమనిషివి, నీకేం తెలుసు?" అని నవ్వితే, నేను వాళ్ల మొహం చూడను.