కోరుట్ల నుంచి సిరిసిల్లకు దమ్ము గటక

ఆ ఏడు చింతలు చిగురు తొడిగే వేళకు మా బావ అన్నం మానేశాడు. సిరిసిల్లలో మగ్గం నడిపే మనిషి. గుండె బలహీనపడింది, మాంసం, నూనె బంద్ చేయమని డాక్టరు చెప్పాడట. "ముక్క లేని కంచం ముందల కూసునుడు నాతోని గాదు" అని అలిగి, చాయ, బీడీలతో రోజులు నెడుతున్నాడు. మగ్గం మీదనే ఒరిగిపోతున్నాడని అక్క కబురు పంపింది. పగలు పోలీసులు, రాత్రి అడవి నుంచి అన్నలు అని ఊళ్లు వంతులు పడ్డ కాలం. అయినా పోక తప్పుతుందా?

జగిత్యాల అంగట్లో చింతచిగురు, లేత మునక్కాయలు, ఉల్లికాడలు, పచ్చి బఠానీ సంచి నిండా కొని ఏడు గంటల బస్సెక్కాను. మేడిపల్లి దాకా పొలాల మీద మంచు కదలకుండా పరుచుకొని ఉంది. అందులోంచి మోదుగుపూలు నిప్పుల్లా తేలుతున్నాయి. పక్కన బీడీలు చేసే ఆడమనిషి నా సంచి చూసింది.

"ఎవల పెండ్లికే అన్నా, గింత కూర?"

"మా బావ అలిగిండమ్మా."

"అలిగిన బావకు కూరెందుకు? కట్టె కొనకపోయినవ్!"

కోరుట్లలో దిగి ఖాసిం భాయ్ ఇంటికి నడిచాను. పెళ్లిళ్లకు వంట చేసే నా దోస్తు. బావ సంగతి చెప్పి, మాంసం లేకుండా దమ్ము చేసిపెట్టమన్నాను. "గోష్ లేకుండ దమ్మా?" అని పకపకా నవ్వాడు. తర్వాత గుప్పెడు చింతచిగురు నలిపి ముక్కు దగ్గర పెట్టుకొని కళ్లు మూసుకున్నాడు.

"గీ చిగురుల మీరు మాంసం వండుతరు గద? మీ బావ ముక్కుకు గా వాసన ఎరుకే. చాలు."

మేం గటక కాచుకునే జొన్నరవ్వను ఆయన బియ్యంలాగా కడిగి నానబెట్టాడు. చెంచాడు నువ్వుల నూనెలో షాజీరా వేసి, కూరగాయలను పచ్చి పోయేదాకా తిప్పాడు. చిలికిన పెరుగు, పుదీనా కలిపాడు. రవ్వ ఒక వరస, కూర ఒక వరస, పైన చింతచిగురు పరిచి, నీళ్లు చల్లి మూత పెట్టి, చుట్టూ గోధుమపిండి ముద్ద అతికించి పొయ్యి మీదికెక్కించాడు. మా గటక, వాళ్ల దమ్ము ఒకే గిన్నెలో కాపురం పెట్టాయి. దించేటప్పుడు చెప్పాడు: "సగమే ఉడికింది. మిగిలిన సగం మీ అక్క ఇంట్ల నిప్పుల మీద. అందాక మూత తియ్యకు. వాసన పోతే మీ బావ కంచం ముందలకెల్లి లేచిపోతడు."

పదకొండు గంటలకు వేములవాడ బస్సు. గోనెసంచిలో చుట్టిన గిన్నె ఒడిలో పసిపిల్లలా వెచ్చగా ఉంది. ఆ వెచ్చదనానికి నాకూ కునుకు పట్టింది.

ఈల వినబడి మెలకువ వచ్చింది. పోలీసు క్యాంపు. కొత్త జవాను గోనె విప్పి చూశాడు. పిండితో మూసిన గిన్నె! "అందరూ దిగండి!" అని అరిచాడు. వేములవాడ మొక్కుబడి జనం, పిల్లలు, మేకపిల్లతో సహా బస్సు ఖాళీ అయింది. గిన్నె ఒక్కటే నడిరోడ్డు మీద, ఎండలో, చుట్టూ తుపాకులు.

"బీమారున్న మా బావ అన్నానికి కూడా తుపాకీ గురిపెడ్తరు! మీరేం మనుషులయ్యా?" అని నేను మొత్తుకుంటూనే ఉన్నాను. జవాను కర్రతో పొడిచాడు. పిండి పగిలింది. మూత పక్కకు ఒరిగి ఆవిరి లేచింది. పుదీనా, చింతచిగురు వాసన తుపాకుల మధ్య నుంచి మెల్లగా నడిచిపోయింది. అందరమూ, మేకపిల్ల కూడా, అటే చూస్తూ నిలబడ్డాం.

"బాంబు గాదు బిడ్డా, బువ్వ!" అంది వెనుక నుంచి ఒక ముసలమ్మ.

జవాను తల దించుకున్నాడు. "చింతచిగురు మా అమ్మ పప్పులో వేస్తుందండీ" అని గొణిగాడు. ఏ కృష్ణా తీరం పిల్లవాడో! నా కోపం మాత్రం తగ్గలేదు.

వేములవాడలో బస్సు మారి సిరిసిల్ల చేరేసరికి రెండు దాటింది. వీధంతా మగ్గాల చప్పుడు, నీళ్లలోంచి విన్నట్టు. పగిలిన పిండి చూపించి, "అంతా పాడైందే అక్కా" అన్నాను. అక్క పాత చీర పేలిక చింపి, పడుగు దారాలకు పెట్టడానికి కాచిన గంజిలో ముంచి, మూత చుట్టూ రెండుసార్లు బిగించింది. కింద నిప్పులు, మూత మీద నిప్పులు.

"దారాన్ని పట్టిన గంజి వాసనను పట్టదా తమ్మీ?"

కాసేపటికి పేలిక విప్పింది. లోపలి గదిలో మగ్గం ఆగింది. తలుపు పట్టుకొని బావ వచ్చాడు. చొక్కా ఆయన మీద వేలాడుతోంది.

"చింతచిగురు మాంసమా?"

అక్క కంచం పెట్టింది. బావ ఒక ముద్ద తిన్నాడు. వేళ్లతో కలియబెట్టాడు.

"ఏదే ముక్క?"

"అడుగున ఉంటది, చూడు."

వెతికాడు, తిన్నాడు, వెతికాడు. అడుగు కనిపించింది. "ఇంకింత ఎయ్యి, గిండ్లనన్న ఉంటదేమో" అన్నాడు. అదీ అయ్యాక నా వైపు తిరిగాడు. "ఏరా బామ్మర్ది, నా ముక్క తొవ్వల నువ్వు గిట్ట తిన్నవా?" అందరికీ నవ్వు వచ్చింది, ముందు ఆయనకే. చెయ్యి కడుక్కుంటూ అక్కతో అన్నాడు: "రేపు గూడ గిట్లనే దాసిపెట్టు. ఎతుక్కుంట."

సాయంత్రం బస్సులో ఖాసిం భాయ్ గిన్నెతో వెనక్కి బయలుదేరాను. పొద్దున పొగమంచు పరుచుకున్నట్టే ఇప్పుడు ధూళి పరుచుకుంది. ఈ దారిన పోయేవాళ్లారా, ఏం తీసుకుపోయినా పైన చింతచిగురు పరిచి తీసుకుపోండి.

క్యాంపు దగ్గర బస్సు ఆగింది. అదే జవాను. గిన్నె మూత ఈసారి నన్నే తియ్యమన్నాడు. ఖాళీ గిన్నెలోకి చూసి అడిగాడు.

"తిన్నారా?"

"తిన్నడు" అన్నాను.